సముద్రం వైపు నుంచి

బోధన్ బడిలో మా భూగోళం సారు ఫ్రాన్సు ముఖం చూసినవాడు కాదు. అయినా అక్కడి ఒక చిన్న పల్లెను నల్లబల్ల మీద దింపేవాడు: ద్రాక్షతోటల గుట్ట, అక్కణ్నుంచి సముద్రం దాకా కొడవలిలా వంగిన నది, ఒంపులో ఇసుక మేట, పక్కన ముప్పై ఇళ్లు. ఆ నదిలో ఈత కొట్టొచ్చానని నేను సగం ఊరిని నమ్మించాను. ఇప్పుడు చెప్పేది మాత్రం నిజం.

ఒకసారి బల్ల తుడుస్తూ నేను గుట్ట దగ్గర మొదలుపెడితే సారు డస్టర్ లాక్కున్నాడు.

"పైకెల్లి తుడుస్తవార గాడ్ది? కింది ఊరోళ్లు ఏం తాగాలె? సముద్రం దిక్కుకెల్లి తుడువు!"

మొన్న మంజీర ఒడ్డున సారు ఇసుక లారీకి అడ్డంగా నిలబడి కనిపించాడు. ఎగువన ఇసుక తోడేయడంతో దిగువన ఆయన ఊళ్లో బోర్లు ఎండి, చెరుకు నిలువునా మాడిపోయింది.

"జరుగు తాతా, ఇసుకనే గద, నీళ్లు తీస్కపోతున్నమా?" అన్నాడు డ్రైవరు.

సారు కోపంగా నా వైపు తిరిగాడు. నన్ను గుర్తుపట్టాడు.

"సూస్తున్నవార? పైకెల్లే తుడుస్తున్నరు!"

నా ఒళ్లు మండిపోయింది. "ఈయనెవరనుకున్నవ్‌ర? కలెక్టరుకు చదువు చెప్పిన సారు!" అని డ్రైవరు మీద అరిచాను.

ఆ అబద్ధానికి ఆ ఒక్క లారీ ఆగింది. వెనకున్నవన్నీ పక్కనుంచి వెళ్లిపోయాయి.