బయట తాళం, లోపల డ్రైవర్

రిటైర్ కావడానికి రెండేళ్ల ముందు నన్ను మిర్యాలగూడ నుంచి సూర్యాపేట బస్సు డిపోకు మేనేజర్‌గా బదిలీ చేశారు. నేను చేరింది నడి ఎండాకాలం, పెళ్లిళ్ల రోజులు. బస్సులు కిక్కిరిసి పోతుండేవి. డ్యూటీ మీద డ్యూటీ చేస్తామని డ్రైవర్లే ముందుకొచ్చేవారు. నేను ఒప్పుకునేవాణ్ని కాదు. రాత్రంతా బండి నడిపినవాడికి మర్నాడు ఇచ్చే సెలవును మా భాషలో స్పెషల్ ఆఫ్ అంటారు. దాని జోలికి ఎవరినీ పోనిచ్చేవాణ్ని కాదు. మేనేజర్ మొండివాడని డిపో అంతా చెప్పుకునేది. ఆ పేరు నాకూ ఇష్టంగానే ఉండేది.

అలాంటి డిపోలోనే ఒక తెల్లవారుజామున, విశాఖపట్నం నుంచి తిరిగి వస్తున్న సర్వీసు కోదాడ దాటాక రోడ్డు దిగి కంకరలో కొంత దూరం పరిగెత్తింది. కండక్టర్ పెట్టిన కేకకు డ్రైవర్ యాదగిరి తేరుకుని బండిని మళ్లీ రోడ్డెక్కించాడు. అదృష్టం కొద్దీ ఎవరికీ ఏమీ కాలేదు. యాదగిరి అన్నేళ్ల సర్వీసులో బస్సుకు గీత పడనివ్వని మనిషి. నా గదికి పిలిచి అడిగితే, కునుకు పట్టిందని దాచకుండా చెప్పాడు. రాత్రి సర్వీసు నుంచి తీసి పగటి ఆర్డినరీ బస్సుకు వేయాల్సి వస్తుందన్నాను.

"లాంగ్ రూటు తీసేస్తే నా ముఖం ఎవలకు సూపెట్టాలె సార్" అన్నాడు.

ముందు ఇంటికి పోయి పడుకోమని పంపాను. డ్యూటీ చార్టు చూస్తే అతని విశ్రాంతికి ఎక్కడా లోటు లేదు. మరి నిద్ర ఎటు పోతోంది? తేల్చుకుందామని ఆ మధ్యాహ్నమే మా డ్రైవింగ్ శిక్షకుణ్ని వెంటబెట్టుకుని ఆత్మకూర్ (ఎస్)లో అతని ఇంటికి వెళ్లాను.

తలుపు కొట్టాం. యాదగిరి కళ్లు నులుముకుంటూ వచ్చి, మమ్మల్ని చూసి గబగబా చొక్కా తొడుక్కుని కుర్చీలు వేశాడు. మేం కూర్చున్నామో లేదో, బోరు మోటారు ఎత్తుకుంటలేదు, జర రమ్మని పక్కింటాయన వచ్చాడు. ఆయన ఇంకా గడప దిగకముందే, దవాఖానకు తీసుకుపొమ్మని మేనత్త వచ్చింది. అందరిదీ ఒకటే మాట, ఇంటికాడనే ఉన్నవ్ గద అని. యాదగిరికేమో ఎవరినీ కాదనడం చేతకాదు. కారణం దొరికిందన్న ధీమాతో నేను శిక్షకుడి వైపు చూశాను.

అప్పుడు యాదగిరి భార్య సుగుణ మాకు చాయ్ ఇస్తూ నెమ్మదిగా అంది. "వీళ్లదంతా ఒక ఎత్తు సార్. ఆయన నిద్రపోతుండా లేదా అని సూడనీకొచ్చి మీరే లేపిన్రు. ఇప్పుడే జర కన్నంటింది."

శిక్షకుడు చాయ్ గ్లాసులోకి తల దించుకున్నాడు. నాకు సిగ్గేసింది, నవ్వూ వచ్చింది. నెల రోజుల పాటు రాత్రి సర్వీసులో శిక్షకుడు యాదగిరి పక్కనే కూర్చుంటాడనీ, ఆ తర్వాతే రూటు ఉంచేదీ తీసేదీ తేలుస్తాననీ చెప్పి లేచాను.

ఉపాయం సుగుణే కనిపెట్టింది. ఆఫ్ రోజున భర్తకు అన్నం పెట్టి, ఫోన్ తన దగ్గర ఉంచుకుని, ముందు తలుపుకు బయట తాళం వేసేది. వెనక తలుపుకు లోపలి గడియే కాబట్టి అతను ఎప్పుడైనా బయటికి రావచ్చు. తాను ఎదురింటి అరుగు మీద కూర్చుని చింతపండు గింజలు తీసేది. ఎవరైనా వచ్చి యాదగిరి ఉన్నాడా అంటే, "తాళం కనవడతలేదా" అనేది. ఆ మాటలో అబద్ధమేమీ లేదని తర్వాత నాతో వాదించింది కూడా.

నెల తిరిగేసరికి శిక్షకుడు వచ్చి, యాదగిరి ఒక్కసారి కూడా ఆవలించలేదని రాసిచ్చాడు. చివరి ట్రిప్పులో నమ్మకం కుదిరి, కోదాడ దాటాక తానే హాయిగా నిద్రపోయానని నోటితో చెప్పాడు. లాంగ్ రూటు యాదగిరికే ఉంచాను. డ్రైవర్ల కుటుంబాలతో జరిపే సమావేశంలో ఆ ఏడు నా ప్రసంగం మానుకుని సుగుణను మాట్లాడమన్నాను. ఆడవాళ్లు పడీపడీ నవ్వారు. ఆ వారంలోనే చాలా ఇళ్లకు పగటి తాళాలు పడ్డాయని తెలిసింది.

డిపో సెలవు ఇవ్వగలదు గానీ నిద్ర ఇవ్వలేదని అప్పుడు నేర్చుకున్నాను. రాత్రి బండి ఎక్కాల్సిన మనిషి పగలు నిద్రపోతున్నాడంటే డ్యూటీలో ఉన్నట్టే లెక్క. ఆ తర్వాత రిటైరయ్యేదాకా పగటిపూట ఏ నైట్ డ్రైవర్ ఇంటి తలుపూ నేను కొట్టలేదు.