గడువు తీరాక వచ్చిన తీర్పు

నేను వకీలుగా వాదించిన చేపల చెరువు టెండరు కేసులో ఈ రోజు మేం గెలిచాం. మత్స్యకార సంఘం పెద్ద సత్తియ్య గారు దరఖాస్తులో సంఘం పేరు ఒక్క అక్షరం తప్పు రాశారని అప్పట్లో అధికారులు టెండరు తోసిపుచ్చారు. అది తోసిపుచ్చేంత తప్పు కాదని జడ్జి గారు తేల్చారు.

అమలాపురం కోర్టు మెట్ల మీద ఆ మాట చెప్పగానే సత్తియ్య గారి ముఖం వెలిగింది.

"అయితే రేపు వల వెయ్యొచ్చాండీ?"

"లేదు బాబాయ్ గారూ. ఆ లీజు గడువు అయిపోయింది."

"ఆయ్," అని మెట్టు మీద కూర్చున్నారు. "నా వల్లే చెరువు పోయిందని మావోళ్ళు నాతో మాట్లాడ్డం మానేసేరండి. మీరొచ్చి ఆ తీర్పు చదివి వినిపిస్తారా?"

ఆదివారం వెళ్తున్నాను. పని లేక సగం కుటుంబాలు ఇప్పటికే వలసపోయాయి. తప్పు ఆయనది కాదని మిగిలినవాళ్ళకు చెప్పగలను. మరి చెరువేదని అడిగితే ఏం చెప్పాలో మీకెవరికైనా తోస్తే రాయండి.