బతూమిలో డ్రా అయిన ఆట

మా ఊరు కుతాయిసీలో వైను ముట్టని మగాడు కనిపిస్తే జనం రెండే అనుకుంటారు. కాలేయం చెడిందనో, బుర్ర చెడిందనో. మా ఆయన కార్లోకి రెండూ నిక్షేపంలా ఉన్నాయి. అయినా నలభై నిండకముందే గ్లాసు బోర్లించేశాడు. మా అన్నయ్య కూతురి పెళ్ళిలో, ఒక్కొక్కరి పేరు చెప్పి అందరిచేతా గ్లాసులు ఎత్తించే విందుపెద్ద లేచి అందరి ముందూ అడిగేశాడు. "ఏరా కార్లో, మేమేమన్నా నీకు శత్రువులమా? పిల్ల సుఖంగా ఉండాలని ఒక్క గుక్క కూడా తాగవా?" ఈయన నవ్వి నిమ్మరసం ఎత్తాడు. సిగ్గుతో చచ్చింది నేను.

కార్లో చదరంగం మాస్టారు. వయసులో ఉన్నప్పుడు అంతర్జాతీయ మాస్టర్ అనిపించుకోవాలని ఊళ్ళన్నీ తిరిగాడు. వెళ్ళిన ప్రతిసారీ అర పాయింటో, ఒక పాయింటో తగ్గి మొహం వేలాడేసుకుని వచ్చేవాడు. ఇక లాభం లేదని ఆ పిచ్చంతా పిల్లలకు నేర్పడం మీద పెట్టాడు. మా వైపు ఆడపిల్ల చదరంగం ఆడితే ఎవరూ వింతగా చూడరు. నా పెళ్ళికి సారెతో పాటు చదరంగం బల్ల కూడా పంపారు మా పుట్టింటివాళ్ళు. నాకు ఆట రాదనుకోండి, అది వేరే సంగతి.

ఆయన దగ్గర నేర్చుకున్నవాళ్ళలో లమారాది అందరినీ మించిన చెయ్యి. పట్టుమిల్లులో నేతపని చేసే ఆవిడ కూతురు. మాట్లాడితే ముత్యాలు రాలిపోతాయన్నట్టు ఉండేది కానీ బల్ల ముందు కూర్చుంటే పెద్ద పెద్దవాళ్ళకు చెమటలు పట్టించేది. నా చేతి మొక్కజొన్న రొట్టె తిని పెరిగిన పిల్ల. ఇంట్లో కన్నా మా వంటింట్లోనే ఎక్కువ ఉండేది.

దానికి పంతొమ్మిదో ఏడు నడుస్తుండగా సముద్రం ఒడ్డున ఉన్న బతూమిలో పెద్ద పోటీ జరిగింది. ఆఖరి రౌండుకు వచ్చేసరికి లెక్క తేలిపోయింది. గెలిస్తే అంతర్జాతీయ మాస్టర్, డ్రా అయితే ఉత్త చేతులు. పొద్దున మొదలైన ఆట టైము అయిపోయి వాయిదా పడింది. అప్పట్లో పద్ధతి అది. ఆడాల్సిన ఎత్తు కాగితం మీద రాసి, కవర్లో పెట్టి అంటించి, న్యాయనిర్ణేత చేతికి ఇచ్చేస్తారు. సాయంత్రం మళ్ళీ కూర్చుంటారు. ఈలోగా ఆడేవాళ్ళు నిద్రపోతారు, వాళ్ళ మాస్టారు బల్ల ముందు కూర్చుని దారులన్నీ వెతికి పెడతాడు. అలసిపోయిన బుర్రతో పిల్లలు వెతుక్కోకూడదు. మాస్టారు ఉండేదే అందుకు.

చెరో ఏనుగు మిగిలింది, లమారాకి ఒక బంటు ఎక్కువ. "పడుకో తల్లీ, నేను చూస్తాగా" అని చెప్పి, లేచాక పిల్ల తింటుందని రొట్టె కొనడానికి వీధిలోకి వచ్చాడట మా మహానుభావుడు. అక్కడ ఎదురయ్యాడు ఓతియా, సైన్యంలో ఈయనతో కలిసి పనిచేసినవాడు. ఆ రోజే వాళ్ళమ్మ సంవత్సరీకం.

"మా అమ్మ పేరు మీద ఒక్క గ్లాసు, అంతే. ఆవిడ చేతి వంట తిన్నవాడివి, గుమ్మం ముందు నుంచి వెళ్ళిపోతావా?" అన్నాడట.

పోయినవాళ్ళ పేరున ఎత్తిన గ్లాసును కాదనే మొగాడు మా దేశంలో పుట్టలేదు. కూర్చున్నాడు. తల్లి తర్వాత తండ్రి, తర్వాత యుద్ధంలో పోయిన మేనమామలు, తర్వాత బతికున్నవాళ్ళు చల్లగా ఉండాలని. విందుపెద్ద మాట్లాడుతుండగా లేస్తే పోయినవాళ్ళకే అవమానం. తీరా తెమిలి గదికి చేరేసరికి సాయంత్రం అయిపోయింది. లమారా నిద్ర లేచి జడ అల్లుకుంటోంది.

"చూశారా మాస్టారూ?"

బంట్లు కళ్ళముందు ఈదుతున్నాయి ఈయనకి. చూడలేదని చెప్పడానికి నోరు రాలేదు. ఆడమంటే, తాను చెప్పిన తప్పు ఎత్తుకి పిల్ల ఓడిపోతుందేమోనని భయం. ఏనుగుల ఆటలు మామూలుగా డ్రాయే కదా అని తనకు తానే సర్ది చెప్పుకున్నాడు.

"మొత్తం చూశానమ్మా. గెలుపు లేదు. డ్రా అడిగెయ్."

అది మారుమాట అనలేదు. వెళ్ళి డ్రా అడిగింది. అవతలి రష్యన్ అమ్మాయి ఎగిరి గంతేసి ఒప్పుకుంది. మర్నాడు రైల్లో మత్తు దిగాక, లమారా పై బెర్తు మీద నిద్రపోతుంటే, ఈయన జేబులో పట్టే చిన్న బల్ల తీసి పావులు పేర్చాడు. రాజును బంటు వైపు కాకుండా అవతలి పక్కగా నడిపిస్తే గెలుపే. ఖాయంగా గెలుపే. గుండెలో రాయి పడిందన్నాడు నాతో. పడాల్సిందే మరి.

లమారా ఆ తర్వాత ఇంకే పోటీకీ వెళ్ళలేదు. "ఓపిక లేదు మాస్టారూ" అంది. పట్టుమిల్లులో లెక్కల విభాగంలో చేరింది, పెళ్ళి చేసుకుంది. ఈయన తాగడం మానేశాడు. ఎందుకు మానేశాడో నాతో చెప్పడానికి మూడేళ్ళు పట్టింది. విన్న వెంటనే కడిగేశాను.

"ఏమయ్యా, నీకసలు సిగ్గుందా? పసిపిల్ల బతుకు కదయ్యా! వెళ్ళి చెప్పు దానికి."

"చెబుతాను. దాని ప్రసవం కానీ."

ప్రసవం అయింది. పిల్లాడికి పళ్ళు రానీ అన్నాడు. వాళ్ళత్తగారికి ఒంట్లో బాగుపడనీ అన్నాడు. ఇలాగే ఏళ్ళు దొర్లించాడు. కొత్త సంవత్సరానికి లమారా తేనె, అక్రోటు పప్పు కలిపి అచ్చు పోసి పట్టుకొచ్చేది. ఆ పళ్ళెం చూడగానే ఈయన మొహం మాడిపోయేది. "మాస్టారూ, తినరేం? గట్టిగా ఉందా?" అనడిగేది. ముక్క నోట్లో పెట్టుకుని మింగలేక నా వైపు చూసేవాడు. చూడు, బాగా చూడు అని నేను కళ్ళతోనే తిట్టేదాన్ని.

తర్వాత ఆయన దగ్గర నేర్చుకున్న పిల్లల్లో ఇద్దరు అంతర్జాతీయ మాస్టర్లయ్యారు. పేపర్లో ఫోటోలు పడ్డాయి, వీధంతా వచ్చి భుజం తట్టింది. ఆ రెండు రాత్రులూ అన్నం ముట్టలేదు మా ఆయన. లోపల తినేస్తూ ఉంటే పైన సన్మానాలు ఎలా దిగుతాయి గొంతులో? జాలి వేసేది. ఒళ్ళు మండేది కూడా.

పోయిన వసంతంలో ఊరివాళ్ళు ఆయనకు సన్మానం పెట్టారు. పాత శిష్యుల తరఫున లమారా మాట్లాడాలని నిర్ణయించారు. ఏం మాట్లాడాలో అడగడానికి మా ఇంటికి వచ్చింది. నేను ఉడికించి పిండిన బచ్చలికూరను అక్రోటు ముద్దతో కలిపి నూరుతున్నాను.

"మాస్టారి గురించి ఏం చెప్పమంటావు పిన్నీ? పొగిడితే ఆయన లేచి వెళ్ళిపోతారేమో" అని నవ్వింది.

ఇక ఆగలేకపోయాను. గుమ్మంలో నిలబడి వింటున్న ఆయన వైపు తిరిగాను. "ఏమయ్యా కార్లో, ఈ పిల్ల రేపు అందరి ముందూ నిన్ను ఆకాశానికి ఎత్తుతుంది. ఎత్తించుకుంటావా?"

మా ఆయన కుర్చీలో కూలబడ్డాడు. "లమారా, బతూమిలో నేను ఆ ఆట చూడలేదమ్మా. ఓతియా ఇంట్లో తాగి కూర్చున్నాను. అది గెలుపు. నీ మాస్టర్ పట్టా నేనే పోగొట్టాను. తప్పయిపోయింది తల్లీ" అన్నాడు. ఆ ముసలి మొహం మీద కన్నీళ్ళు కారుతుంటే నేను రోకలి పక్కన పెట్టేశాను.

లమారా ఏమీ ఆశ్చర్యపోలేదు.

"తెలుసు మాస్టారూ. మీ దగ్గర వైను వాసన అప్పుడే వచ్చింది, అయినా మీ మాట నమ్మాను. డ్రా కాగితం మీద సంతకాలు అవ్వగానే ఆ అమ్మాయే చూపించింది. ఆట అయ్యాక ఇద్దరం పావులు కదుపుకుంటాం కదా. 'రాజును ఇటు తిప్పి ఉంటే నేను ఓటమి ఒప్పుకునేదాన్ని, మీ మాస్టారు చూడలేదా?' అని నవ్వింది. మా మాస్టారు చూశారు, నాకే ఒంట్లో బాలేదు అన్నాను."

"అప్పుడే ఎందుకు అడగలేదే నన్ను?" అన్నాడు మా ఆయన.

"మీరే చెబుతారనుకున్నాను. రైల్లో చెబుతారనుకున్నాను, ఊళ్ళో దిగాక చెబుతారనుకున్నాను. పట్టా పోతే పోయింది, తర్వాత ఇంకో పోటీలో తెచ్చుకునేదాన్ని. కానీ మీరు 'మొత్తం చూశాను' అన్న మాట మళ్ళీ నమ్మి బల్ల ముందు కూర్చోవడం నా వల్ల కాలేదు. ఆట మానేసింది అందుకు."

నేను ఆ వంటింట్లో ఎటు చూడాలో తెలియక గోడ వైపు చూశాను. పిల్ల వచ్చి ఆయన ముందు మోకాళ్ళ మీద కూర్చుంది. ఏడవలేదు, కోపం కూడా లేదు.

"మధ్యాహ్నమంతా నిద్రపోయాను మాస్టారూ, అలసటంతా తీరిపోయింది. తలుపు తీసి 'తాగి వచ్చాను లమారా, ఏమీ చూడలేదు' అని ఉంటే సరిపోయేది. మొహం కడుక్కుని నేనే చూసుకునేదాన్ని."