బండ రెండో కొన

ఒక పుస్తకం నా భార్యను విధవను చేసింది. నేను బతికి ఉండగానే, ఆమె పక్కనే వసారాలో కొర్రలు చెరుగుతూ ఉండగానే చేసింది.

అది కాలక్షేపం పుస్తకం కాదు, కాలేజీల్లో చెప్పే పాఠ్యపుస్తకం. ఒక దేశం సంగతులు ఇంకో దేశానికి ఎట్లా చేరతాయి, ఎవరు చేరవేస్తారు, ఎవరి కళ్లతో చూసి చేరవేస్తారు అని వివరించే ఇంగ్లీషు పుస్తకం. కర్నూలులో పాత పుస్తకాలు అమ్మే చోట కొన్నాను. బీద దేశాల మనుషులను సంపన్న దేశాల పత్రికలూ టీవీలూ ఎంత తప్పుగా చూపిస్తాయో చెప్పడానికే అందులో ఒక అధ్యాయం ఉంది. రాసినవాడు బాగా రాసినాడు. తల ఊపుకుంటూ చదువుతున్నాను. పేజీ తిప్పితే నా భార్య. కింద ఒక వరుస: ‘కరువులో ప్రాణం తీసుకున్న రైతు వితంతువు, దక్షిణ భారతదేశం.’

నేను రైతును కూడా కాదు. నాకు సెంటు భూమి లేదు. బేతంచెర్లలో బండలు కోసి పాలిష్ పట్టే ఫ్యాక్టరీలో నా వయసంతా గడిచింది. ఆమె వయసు కూడా అక్కడే గడిచింది. ఆ పుస్తకం మాత్రం నాకు భూమి ఇచ్చి, కరువు తెచ్చి, నన్ను చంపి, ఆమెను ఒంటరిదాన్ని చేసి, అంతా ఒక్క వరుసలో ముగించింది.

ఆ ఫోటో తీసిన రోజు నాకు బాగా గుర్తుంది. ఒక తెల్లాయన మెడలో రెండు కెమెరాలు వేసుకుని ఫ్యాక్టరీకి వచ్చినాడు. వెంట హైదరాబాదు నుంచి ఒక దుబాసీ. ఓనరు వాళ్లకు కూల్‌డ్రింకు తెప్పించి, ‘మన ఊరు ఫారిన్‌లో పడుతుంది, అందరూ బాగా పనిచెయ్యండి’ అని మాకు చెప్పినాడు. మిషన్ల రొదలో ఎవరికీ ఏమీ వినిపించదు. దుబాసీ నా భార్యను ఏమీ అడగలేదు. తెల్లాయన ఆమె వైపు చూసి నవ్వినాడు, ఆమె నవ్వలేదు, ఆయన బటను నొక్కినాడు. అంతే జరిగింది.

బండలు పాలిష్ పట్టే చోటు చూసినవాళ్లకు నేను చెప్పనక్కరలేదు. చూడనివాళ్లకు చెప్పాలి. మిషన్ తిరుగుతున్నంత సేపూ నీళ్లు పడుతూనే ఉంటాయి. ఆ నీళ్లూ రాతిపొడీ కలిసి తెల్లటి బురదై మనిషి మీద చిమ్ముతుంది. పొద్దున పచ్చ చీర కట్టుకుని వచ్చిన మనిషి మధ్యాహ్నానికి తెల్ల చీరలో ఉంటుంది. నొసటి బొట్టు చెమటతో, బురదతో కలిసి పోతుంది. గాజులు బండకు తగిలితే పగిలి మణికట్టు కోస్తాయని ఆడవాళ్లు వాటిని గుడ్డలో చుట్టి గోడ మేకుకు తగిలించి పనిలోకి దిగుతారు. తాళి దేనికీ చిక్కుకోకుండా రవికెలోకి దోపుకుంటారు. ఆ షెడ్డులో పనిచేసే ప్రతి ముత్తైదువా పని వేళలో అట్లాగే ఉంటుంది. మాకు అది కంటికి ఆనదు. ఫోటో చూసినవాళ్లకు మాత్రం తెల్ల చీర కనబడింది, బోసి నొసలు కనబడింది, బోసి చేతులు కనబడినాయి. దూరదేశంలో బల్ల దగ్గర కూర్చున్న ఎవరో ఆ మూడూ కూడి ఆ మాట రాసినారు.

ఇంకొకటి ఉంది. ఆ బండను ఒక్క మనిషి మోయలేడు. అందుకే మా దగ్గర ఆలుమగలు జోడీగా పనికి కుదురుతారు, చెరొక కొన పట్టుకుంటారు. ఫోటోలో ఆమె ఒక కొన పట్టుకుని ఉంది. రెండో కొన ఫోటో అంచున తెగిపోయింది. కళ్లజోడు పెట్టుకుని చూస్తే ఆ అంచున నాలుగు వేళ్లు కనబడతాయి. చూపుడు వేలికి గోరు లేదు. ఆ వేలిది ఒక పాత దెబ్బ. ఇప్పుడు ఈ అక్షరాలు రాస్తున్నది ఆ వేలితోనే. చచ్చిపోయిన మొగుడు ఆమె ఎదురుగా నిలబడి బండ పట్టుకుని ఉన్నాడు, ఎవరూ చూడలేదు.

ఆ రోజు ఆమె కొర్రలు చెరగడం ముగించి వంటింట్లోకి పోయినాక పిలిచినాను.

“ఇట్రామే, ఒక ఫోటో ఉండాది, చూద్దువు.”

“పొయ్యి మింద సంగటి ఉండాది. ఎవురి ఫోటో?”

“నీదే.”

చేతులు తుడుచుకుంటా వచ్చింది. పుస్తకాన్ని దూరం పెట్టి చూసింది, దగ్గర పెట్టి చూసింది. “సున్నం కొట్టిన గోడ మాదిరి ఉండాను. ఒక మాట చెప్పింటే మొగమన్నా కడుక్కోనుంటి గదా. కింద ఏమి రాసినారు?”

‘సంగటి మాడుతుంది, పో’ అన్నాను. ఆమె వదల్లేదు. చెప్పినాను.

నా మొగం చూసి పకపకా నవ్వింది. “నువ్వు సచ్చినావంట! అయితే రోజూ మూడు పూట్లా నా ఇంట్లో సంగటి తింటాండేది ఎవురప్పా? దయ్యమా?”

“నవ్వొద్దుమే.”

“నవ్వక ఏం జేస్తును. దయ్యానికి ఉప్పు చాలదని కోపం గూడా ఉండాది.”

నవ్వింది గానీ ఆ సాయంత్రం గుడికి పోయేటప్పుడు అద్దం ముందర శానా సేపు నిలబడింది. బొట్టు రోజూ కంటే పెద్దది పెట్టుకుంది. గుమ్మం దాటబోయి ఆగి, నా వైపు తిరక్కుండానే అనింది: “నీకు ఇంగ్లీసు వచ్చు గదా. వాళ్లకు రాయి. నా పేరు ఎయ్యకున్నా పరవాలేదు. ఆ మాట ఒక్కటి తీసెయ్యమను.”

నాకు ఇంగ్లీషు వచ్చుననేది ఆమె నమ్మకం. నా చదువు అయిదో తరగతితో ఆగింది. ఆ తర్వాతి చదువంతా రేడియో దగ్గరా, స్టేషన్‌లో ప్రయాణికులు వదిలేసిన పేపర్ల దగ్గరా, అట్ట చిరిగిన ఒక నిఘంటువు దగ్గరా. రాత్రిపూట విదేశీ స్టేషన్లు పెట్టుకుని, అర్థమైన మాటలతో అర్థం కాని మాటలను ఊహించుకుంటూ నేర్చుకున్నాను. ఆ కాలంలో ఒక పెద్ద వాదన నడిచేది. వార్తలన్నీ ధనిక దేశాల నుంచి మా వైపుకే పారుతున్నాయి, మా వైపు నుంచి కరువూ వరదా చావూ తప్ప ఇంకేమీ పోవడం లేదు, ఈ పద్ధతి మారాలి అని బీద దేశాలు ప్రపంచ సభల్లో అడిగినాయి. అట్లా మారిస్తే పత్రికల స్వేచ్ఛ చచ్చిపోతుంది అని ధనిక దేశాలవాళ్లు గొంతు పెంచినారు. రేడియో పక్కన కూర్చుని నేను మా వాళ్ల వైపు నిలబడి పిడికిలి బిగించేవాణ్ణి, అక్కడికి నా పిడికిలిని ఎవరో లెక్కపెడుతున్నట్టు. ఆ వాదన ఎటూ తేలకుండానే సద్దుమణిగింది. అందరూ మరిచిపోయినారు. నేను మరవలేదు. అది తిరిగి తిరిగి నా ఇంటికే వస్తుందని మాత్రం అనుకోలేదు.

ఫోటో పక్కన చీమంత అక్షరాల్లో ఒక ఫోటోల సంస్థ పేరు ఉంది. ఇట్లాంటి సంస్థలు ఫోటోలను గోదాములో పెట్టుకుని అడిగిన పత్రికకల్లా, టీవీకల్లా అమ్ముతాయి. ఫోటోతో పాటు కింది వరుస కూడా పోతుంది. కొన్నవాడు దాన్ని సరిచూడడు. నేను ఆ సంస్థకు ఫోన్‌లో ఒక్కొక్క అక్షరం నొక్కి ఉత్తరం రాసినాను. వేళ్ల సంగతి రాసినాను. గాజుల సంగతి రాసినాను. నేను బతికే ఉన్నానని రాసినాను. ఆ క్షణంలోనే జవాబు వచ్చింది. మీ సందేశం మాకు అమూల్యమైనది, త్వరలో సంప్రదిస్తాం అని. యంత్రం రాసిన జవాబు. మళ్లీ రాసినాను. మళ్లీ అమూల్యమైనది.

కడపలో ఇదే విషయం మీద సదస్సు జరుగుతుందని పేపర్లో చూసి, పుస్తకం సంచిలో పెట్టుకుని బస్సెక్కినాను. ప్రపంచ మాధ్యమాల గురించి పెద్దపెద్దవాళ్లు మాట్లాడినారు. చివర్లో ప్రశ్నలడగమన్నారు. లేచి పుస్తకం విప్పి చూపించి, “అయ్యా, ఈమె నా భార్య. నేను చచ్చిపోలేదు” అన్నాను.

హాలంతా చప్పట్లు కొట్టింది. చప్పట్లు ఎందుకో నాకిప్పటికీ తెలియదు. సభ నడుపుతున్న అధ్యాపకుడు మంచి మనిషే. వేదిక దిగి వచ్చి నా చెయ్యి పట్టుకున్నాడు.

“పెద్దాయనా, మేం పొద్దుటి నుంచీ చెప్తాండేదానికి మీరే ఉదాహరణ.”

“ఉదాహరణ సరే సార్. ఈ మాట తీయించేదెట్లా?”

“అదే పెద్దాయనా సమస్య. చూడండి, ఎంత లోతైన సమస్యో!”

నన్ను వేదిక మీదికి తీసుకుపోయి శాలువా కప్పినారు. ఫోటోలు తీసినారు. తర్వాత భోజనాలకు పిలిచినారు. ఎవరి మీద కోప్పడాలో తెలియక పెరుగన్నం తిని వచ్చినాను.

ఇంట్లో ఆమె శాలువాను చేత్తో నిమిరి చూసింది. “బాగుండాది. ఆ మాట తీసినారా?”

“లేదు.”

“మరి ఇది కప్పుకోని కూచో.”

ఆ తర్వాతి చలికాలం ఆమెకు ఆయాసం ముదిరింది. అన్నేళ్లు పీల్చిన రాతిపొడి ఊరికే పోతుందా. కర్నూలు పెద్దాసుపత్రిలో మంచం మీద కూడా రెండు మూడు సార్లు అడిగింది, వాళ్లు జవాబు రాసినారా అని. రాస్తారులే అన్నాను. రాయలేదు. ఆమె పోయింది. ఆడవాళ్లు పసుపు పూసి, నొసట పెద్ద బొట్టు పెట్టి, రెండు చేతులకూ నిండుగా గాజులు తొడిగినారు. పునిస్త్రీగా పోయింది, పుణ్యవతి అని ఒకరికొకరు చెప్పుకున్నారు. అందరూ ఆమె అదృష్టాన్నే చెప్పినారు. మిగిలినవాడి గురించి చెప్పడానికి మా భాషలో అట్లాంటి మంచి మాటలేవీ లేనట్టుంది.

ఇంట్లో ఇప్పుడు ఏ వస్తువు పెట్టిన చోట అది ఉంటుంది. అదే నాకు సహించదు. కళ్లజోడు వెతుక్కునే పని లేదు, కోప్పడే పని లేదు. సంగటిలో ఉప్పు చాలకపోతే చెప్పడానికి ఎవరూ లేరు, వండింది నేనే. టీవీ పెట్టుకుంటాను. ప్రపంచమంతా వచ్చి నా ఇంట్లో మాట్లాడి పోతుంది. నేను మాట్లాడితే వినేది గోడ.

మొన్న వానలు ముఖం చాటేసినప్పుడు, స్టేషన్ రోడ్డు టీ కొట్టులో కూర్చుని ఉన్నాను. టీవీలో మన తెలుగు చానెలే, కరువు మీద ఏదో చెబుతోంది. చదివే అమ్మాయి వెనక తెర నిండా నా భార్య. బేతంచెర్లలో తీసిన ఫోటో సముద్రాలు దాటి, అక్కడ పేరు మార్చుకుని, మళ్లీ బేతంచెర్ల టీ కొట్టుకే వచ్చింది. గ్లాసులు కడిగే మనిషి తలెత్తి, “ఈయమ్మను యాడనో చూసినట్టుండాది” అన్నాడు. ఆమె అతని దగ్గర ఎన్నిసార్లు టీ తాగిందో.

నిజం చెబుతున్నాను. ఆ క్షణంలో నా కోపం ఏమైందో నాకే తెలియదు. ఆ అమ్మాయి కొంచెం పక్కకు జరిగితే బాగుండు, మొగం పూర్తిగా కనబడుతుంది అనుకున్నాను. ఇంకొంచెం సేపు ఉంచితే బాగుండు అనుకున్నాను. నా దగ్గర ఆమెవి రేషన్ కార్డు ఫోటో, ఆధార్ ఫోటో తప్ప ఏమీ లేవు. పని చేస్తున్న నా భార్య, వంగి బరువెత్తుతూ పెదవి కరుచుకున్న నా భార్య, ఆ ఒక్క ఫోటోలోనే ఉంది. దాని కింద ఆ మాట ఉంది. తెర మారిపోయింది. క్రికెట్ వచ్చింది.

ఆ రాత్రి మళ్లీ రాసినాను. ఈసారి కొంచెమే రాసినాను. అసలు ఫోటోను కత్తిరించకుండా తీసి చూడండి, రెండో కొన పట్టుకున్న మనిషిని నేను, నా భార్య మీద ఆ మాట తీసెయ్యండి అని. ఆమె పోయిందని రాయలేదు. రాస్తే, ఇంక బాధపడేదెవరులే అని మూసి పక్కన పెడతారని అనిపించింది. ‘నా భార్య అడుగుతోంది’ అనే రాసినాను.

చాలా నాళ్లకు జవాబు వచ్చింది. ఈసారి మనిషి రాసిందే. తెలుగులో పెడుతున్నాను:

“అయ్యా, ఆలస్యానికి మన్నించండి. అసలు ఫోటో తీసి చూశాము. మీరు చెప్పింది నిజం. ఫోటో తీసిన వ్యక్తి ‘వితంతువు’ అని రాయలేదు. ఆ మాటను ఇక్కడ మా కార్యాలయంలో చేర్చారు. ఎందుకు చేర్చారో ఇప్పుడు చెప్పగలవారు ఎవరూ లేరు. దాన్ని తొలగించాము. ఇకమీదట ఆ ఫోటో కింద ‘రాతి పాలిష్ కర్మాగారంలో భర్తతో కలిసి పనిచేస్తున్న మహిళ, కర్నూలు జిల్లా’ అని ఉంటుంది. ఇప్పటికే అచ్చయినవీ ప్రసారమైనవీ మా చేతిలో లేవు. ఆమెకు కలిగిన మనస్తాపానికి చింతిస్తున్నాము. ఈ కబురు మీ భార్యకు వెంటనే చెప్పగలరు.”