నేను పెట్టిన మారుపేరు

దయ్యాలు, ఆత్మలు అంటే నాకు ఒళ్లు మంట. అన్యాయంగా చచ్చిన ఆడదాన్ని దయ్యం చేసి, చంపినవాణ్ణి పెద్దమనిషిగా వదిలేసే కథలవి. నేను ఎన్నడూ నమ్మలేదు. అయినా ఇది జరిగింది కాబట్టి, జరిగింది జరిగినట్టే రాస్తున్నాను.

నేను చరిత్రలో పరిశోధన చేస్తున్నాను. రజాకార్ల కాలంలో, ఆ తర్వాత మిలిటరీ దిగినప్పుడు, మా పల్లెల్లో ఆడవాళ్లపై జరిగిన అత్యాచారాలు నా అంశం. నేను చదివిన పుస్తకాల్లో దానికి దొరికిన చోటు ఒకటి రెండు వాక్యాలు. ఊళ్లల్లో అడగబోతే, "గవన్నీ ఇప్పుడెందుకమ్మా, ఊరి ఇజ్జత్ పోతది" అని కసురుతారు. ఆ ఆడవాళ్లకు ఏం పోయిందో ఒక్కరూ అడగరు.

లింగాల ఘనపూర్ దగ్గర ఒక ఊళ్లో తొంభై దాటిన ఒక అవ్వ నాతో మాట్లాడింది. తన పేరు బయటపెట్టనని మాటిచ్చాను. రజాకార్లు తనను దొర గడీకి ఈడ్చుకుపోయారని, మూడో నాడు వదిలేశారని చెప్పింది. ఇంకెవరినైనా తీసుకుపోయారా అని అడిగితే, తల అడ్డంగా ఊపింది.

మా పనిలో అసలు పేరు రాయం, మారుపేరు పెడతాం. అది ఆ ఊళ్లో ఇంకొకరి పేరై వాళ్లకు చెడ్డపేరు రాకూడదని ఓటర్ల జాబితా కూడా చూస్తాం. అవ్వకు సోమలచ్చి అని పెట్టాను. ఎందుకని అడిగితే చెప్పలేను, రాస్తుంటే చేతికి అదే వచ్చింది. జాబితాలో ఆ పేరు లేదు. మా చుట్టాల్లోనూ ఎవరికీ లేదు.

రాసింది చదివి వినిపించి, ఒప్పుకుంటేనే అచ్చుకిస్తాం. అందుకని పోయిన ఎండాకాలం మళ్లీ వెళ్లాను. పొద్దున పదకొండు కావొస్తోంది. అవ్వ గడపలో కూర్చుని చింతపండులో గింజలు తీస్తోంది. "సోమలచ్చిని రజాకార్లు" అని మొదలుపెట్టానో లేదో, ఆమె చేతులు ఆగిపోయాయి.

"గా పేరు నీకెవలు చెప్పిన్రు బిడ్డా?"

నేనే పెట్టానన్నాను. నమ్మలేదు. చింతపండు పక్కకు జరిపి, అప్పుడు చెప్పింది. ఆ రోజు గడీకి తీసుకుపోయింది ఇద్దరిని. రెండో ఆమె అవ్వ తోడికోడలు, సోమలచ్చి. ఆమె తిరిగి రాలేదు. ఆ పేరు ఎత్తొద్దని మామ ఇంటిల్లిపాదితో ఒట్టు వేయించుకున్నాడు. పెత్రమాసకు చనిపోయిన ఒక్కొక్కరి పేరూ చెప్పి బియ్యం ఇస్తారు కదా, ఆమె పేరు మీద ఆ ఇంట్లో గుప్పెడు బియ్యం ఇచ్చింది లేదు. ఆమె మొగుడు మాత్రం పోరాటంలో చనిపోయాడని ఊళ్లోని అమరుల స్తూపం మీద పేరు చెక్కించుకున్నారు. ఏటా దండ వేస్తారు.

లోపలి నుంచి అవ్వ కొడుకు వచ్చాడు. డెబ్బై ఏళ్ల మనిషి, ఊళ్లో నలుగురికీ మాట చెప్పే ఆయన. కాగితాలు చింపెయ్యమన్నాడు. "గా పేరు రాస్తే గిది మా ఇల్లేనని అందరికి తెలుస్తది" అన్నాడు.

"తెల్వనియ్యిరా" అంది అవ్వ. నా వైపు తిరిగి, "బిడ్డా, నాకు ఇంకో పేరు పెట్టు. గా పేరు గామెకే ఇయ్యి" అంది. కొడుకు చూస్తుండగానే ఆ కాగితాల మీద వేలిముద్ర వేసింది.

ఇంటికొచ్చి అవ్వ మాటల రికార్డింగులన్నీ మొదటి నుంచి విన్నాను. ఆ పేరు ఎక్కడా లేదు. ఆ ఊళ్లో మాట్లాడిన మిగతావాళ్ల నోటా రాలేదు. ఎక్కడో విని మరిచిపోయి ఉంటావని స్నేహితులు అంటారు. ఎక్కడ వింటాను? సొంత ఇంట్లోనే ఎవరూ ఎత్తకుండా కట్టడి చేసిన పేరది.

సోమలచ్చి పేరు మారకుండా అచ్చుకు వెళ్లింది. దానికి ఆధారమేదని మా ప్రొఫెసర్ అడిగితే, అవ్వ వేలిముద్ర చూపించాను. అంతకు నెలల ముందే ఆ పేరు నేనెలా రాశానో చూపడానికి మాత్రం నా దగ్గర ఏ కాగితమూ లేదు.