లోర్నా తెప్పించిన చట్టం

అమెరికాలో డులూత్ అనే ఊళ్లో ఒక బడి వంటశాలలో లోర్నా హౌకాలా ఇరవై రెండేళ్లు పిల్లలకు వడ్డించింది. ఒక జనవరిలో మంచుకు బదులు వానలు పడ్డాయి. సరస్సు మీద గడ్డకట్టిన ఐసు పలచబడి, చేపలకు వెళ్లిన ఆమె తమ్ముడు అది విరిగి మునిగిపోయాడు. అప్పటినుంచి ప్రతి శుక్రవారం పని దిగగానే కోర్టు మెట్ల దగ్గర అట్ట పట్టుకుని నిలబడేది. చమురు మండించబట్టే చలికాలం ఇలా వేడెక్కిందని, కొత్తగా వేస్తున్న చమురు గొట్టం ఆపాలని అడిగేది. మొదట పదకొండు మంది. మూడో ఏటికి పదిహేను వేలమందితో ఊరేగింపు. ఆ ఊరేగింపుకి బఠానీ సూప్ కాచింది కూడా ఆమే.

శాసనసభ్యుడు డేల్ ప్రస్కా వచ్చి ఆమె భుజం మీద చేయి వేసి ఫొటో దిగాడు. చిన్నప్పుడు ఆమె చేతి తిండి తిన్నవాడే.

"గొట్టం ఆపిస్తావుట్రా?"

"ఇంతమంది వచ్చాక ఊరుకుంటామా మిస్ లోర్నా! చట్టమే తెస్తాం."

తెచ్చాడు. గొట్టం పని జరిగేచోట అడుగుపెట్టినవాళ్లకి జైలు, వాళ్లని పిలిచిన సంఘానికి జరిమానా.

పదిరోజులకే, ఊరేగింపులు నడిపే సంఘం నాయకురాలు మారిట్ లోర్నాకు ఫోన్ చేసి గొట్టం పని దగ్గరికి రమ్మంది. నలభైమంది వెళ్లి గొట్టానికి తవ్విన కందకం అంచున కూర్చున్నారు. పోలీసులు మూడోసారి హెచ్చరించగానే అందరూ లేచిపోయారు. లోర్నా కూడా లేవబోయింది. చలికి మోకాళ్లు పట్టేశాయి. కొత్త చట్టం కింద మొదటి ముద్దాయి ఆమే అయింది.

కోర్టులో మారిట్ ప్రమాణం చేసి చెప్పింది: "ఆవిడ మా మనిషి కాదండీ. సూప్ తెచ్చేది, అంతే. ఆరోజు తనంతట తనే వచ్చింది."

బయట వరండాలో మారిట్ వచ్చి లోర్నా చేయి పట్టుకుంది. "సంఘం బతకాలి కదా లోర్నా. నువ్వైతే అర్థం చేసుకుంటావు."

"సూపన్నా బాగుండేదా?" అంది లోర్నా.

మారిట్ ఏడ్చింది గానీ, మళ్లీ లోపలికి వెళ్లి మాట మార్చుకోలేదు.

నాలుగు నెలల జైలు. శిక్షపడ్డ మనిషిని పిల్లల దగ్గరికి రానివ్వం అంది బడి. డేల్ మళ్లీ గెలిచాడు. పక్క రాష్ట్రం ఆ చట్టాన్ని అక్షరం పొల్లుపోకుండా ఎత్తిరాసుకుంది.

లోర్నాకు చివరికి హైవే పక్క లాడ్జిలో గదులు సర్దే పని దొరికింది. అక్కడ దిగేదంతా గొట్టం పనివాళ్లే. మర్యాదస్తులు, బూట్లు బయటే విప్పుతారు.

"మీ ఊరివాళ్లు మంచోళ్లమ్మా," అన్నాడు ఒకతను. "ఎక్కడికెళ్లినా గొడవే. ఇక్కడ ఒక్కరూ అడ్డురాలేదు."

"దిండు ఇంకోటి కావాలా?" అని అడిగింది లోర్నా.