నా అఫిడవిట్‌లో బర్రె

ఎంబీబీఎస్‌లో బంగారు పతకం తెచ్చుకున్న మనిషికి రెండు కాగితాలు రెండు కవర్లలో పెట్టడం చేతకాకపోతే ఎంత అనర్థం జరుగుతుందో చెబుతాను, వినండి. ఆ మనిషిని నేనే. ఇప్పుడు మీరు ఎంత నవ్వుకున్నా పరవాలేదు. ఆ రోజుల్లో మాత్రం మా ఇంటి గోడలు కూడా నాతోపాటు ఏడ్చాయి.

చమురు పుణ్యమా అని దోహాలో రోజుకో మేడ లేస్తున్న కాలం. మా ఆయన అక్కడ సైట్ ఇంజనీరు. కొత్త పెళ్ళికూతుర్ని, ఫరీజ్ బిన్ మహమూద్ అనే పేటలో రెండు గదుల ఫ్లాట్‌లో దిగానన్నమాటే గానీ, నా మనసంతా హైదరాబాద్‌లో హైకోర్టు మెట్ల మీదే ఉంది. పీజీ ప్రవేశ పరీక్షలో నాకంటే బాగా వెనకబడిన ఒకబ్బాయికి ఇంటర్వ్యూలో దోసిళ్ళతో మార్కులు పోసి, నాకు రావలసిన పిల్లల వైద్యం సీటు అతనికి కట్టబెట్టారు. నేను కేసు వేశాను. "ఎంబసీలో సంతకం చేసి అఫిడవిట్ పంపమ్మా. వాయిదా నాటికి అది నా చేతిలో లేకపోతే సీటు మీద ఆశ వదులుకోవాలి," అని మా వకీలు గారు రాశారు.

అఫిడవిట్ సిద్ధమైన శుక్రవారమే మల్లయ్య వచ్చాడు. మా ఆయన సైట్‌లో తాపీమేస్త్రీ, ఊరు జగిత్యాల దగ్గర. సెలవు రోజున కూలీల క్యాంప్ నుంచి వచ్చి, భార్య రాజవ్వకు నాతో ఉత్తరాలు రాయించుకునేవాడు.

"బర్రె ఈనిందా అని అడుగుండ్రి డాక్టరమ్మా. కాలునొప్పి తగ్గిందా అని రాయుండ్రి. ఇగ... నువ్వు యాదికొస్తే నాకు బువ్వ సయిస్తలేదని గూడ..." అని ముఖం గోడవైపు తిప్పేసుకున్నాడు.

రాశాను. రాసి ఊరుకుంటే నేనెందుకవుతాను? "చూడు మల్లయ్యా, చదువుకైనా పనికైనా ఏకాగ్రత ముఖ్యం. అర్హత ఉన్నవాళ్ళకే సీటు దక్కాలి!" అని ఉపన్యాసం దంచుతూ కవర్లు అంటించాను. మల్లయ్య గుళ్ళో హరికథ విన్నంత భక్తిగా తలూపి, రెండు కవర్లూ తీసుకెళ్ళి పోస్టు చేశాడు.

వాయిదా నాలుగు రోజులుందనగా, మా ఆయన ఆఫీసుకు వకీలు గారు ట్రంక్ కాల్ చేసి నన్ను పిలిపించారు.

"అమ్మా, మీ అఫిడవిట్ అందింది."

"అమ్మయ్య!"

"అందులో బర్రె ఈనిందా అని అడిగారు. ప్రతివాదుల్లో ఆ బర్రె ఎవరో నాకు అంతు చిక్కడం లేదు."

నేను రిసీవర్ రెండో చెవికి మార్చుకున్నాను.

"పైగా నేను గుర్తొస్తే మీకు అన్నం సహించడం లేదట. నాకు అరవై దాటాయి తల్లీ! మా ఆవిడ ఆ ఉత్తరం ఇప్పటికి రెండుసార్లు చదివింది."

మళ్ళీ పంపడానికి వ్యవధి లేదు. అఫిడవిట్ చేరిన రాజవ్వ ఊళ్ళో ఫోను లేదు. సంగతి చెబితే మల్లయ్య ముఖం పాలిపోయింది. "కోర్టు కాయితం జూసి నాకేమన్న అయిందనుకుంటది," అన్నాడు. అంత దిగుల్లోనూ, నేను ఏడుస్తుంటే చూడలేక, "ఊకోండ్రి డాక్టరమ్మా. మా రాజవ్వ చేతులు ముడుసుకొని కూసునే మనిషి గాదు," అని నన్నే ఓదార్చాడు. ఒక్క మాట కూడా అనలేదు. తిట్టినా బాగుండేది.

అక్కడ జరిగింది తర్వాత వకీలు గారు చెప్పారు. కవరు విప్పగానే రాజవ్వకు మూడు సింహాల ముద్ర కనబడింది. ఆమెకు ఉత్తరాలు చదివిపెట్టే బడి సారు చూసి, ఆ ఇంగ్లీషు అంతు పట్టక, "ఇది పెద్ద కోర్టు కాగితం," అని, అందులో ఉన్న వకీలు చిరునామా రాసిచ్చారు. అంతే, ఆ నొప్పికాలితోనే బస్సెక్కి, వాయిదా రోజు పొద్దున్నే వకీలు గారి గడపలో నిలబడింది.

"దుబాయ్ల మా ఆయన ఏం తప్పు జేసిండు సారూ? జైల్ల ఏస్తే నన్ను గూడ ఏయుండ్రి!" అంది. ఆ ఊరివాళ్ళకు గల్ఫ్ అంతా దుబాయే.

వకీలు గారు ఆమెను కూర్చోబెట్టి, కాఫీ ఇప్పించి, మల్లయ్య ఉత్తరం మొదటి నుంచి చివరిదాకా చదివి వినిపించారట. ఆమె కొంగుతో కళ్ళు తుడుచుకుని అఫిడవిట్ చేతిలో పెట్టింది. పరీక్షలో వచ్చిన మార్కులే లెక్కని, సీటు నాకే ఇవ్వాలని ఆ రోజే కోర్టు తీర్పు చెప్పింది.

కాలేజీలో చేరడానికి వచ్చినప్పుడు ముందు రాజవ్వ దగ్గరికే వెళ్ళాను. "మీరు లేకపోతే నాకు ఈ సీటు లేదు. మిమ్మల్ని అంత భయపెట్టాను, క్షమించండి," అని రెండు చేతులూ పట్టుకున్నాను.

"గదేం మాట బిడ్డా!" అని నన్ను పక్కన కూర్చోబెట్టుకుని, అటూ ఇటూ చూసి గొంతు తగ్గించింది. "మా బడి సారు సిగ్గుపడి మంచి ముచ్చట్లన్ని మింగేస్తడు. వకీలు సాబు ఒక్కటి గూడ ఇడువకుంట సదివిండు. మల్లొక్కపారి గట్లనే మార్చి పంపుతవా?"

కాబట్టి, ఇందుమూలంగా దైవసాక్షిగా ప్రమాణం చేసి తెలియజేయునది ఏమనగా: ఈ జన్మలో ఇక కవరు అంటించేటప్పుడు నేను నోరు విప్పను. రాజవ్వ ఎంత బతిమాలినా సరే.